నీడల బొమ్మ చెప్పిన మా చిన్నాయిన

మా చిన్నాయిన పోయాడన్న కబురు నాకు హైదరాబాదులో, హాస్టల్ గేటు దగ్గర అందింది. తెచ్చింది మా అక్క మొగుడు. తెల్లవారుజామున మొదటి బస్సెక్కి వచ్చాడు. చేతిలో సంచి కూడా లేదు.

"నీ చిన్నాయిన పోయిండు పిల్లా. మామ నిన్ను తోల్కరమ్మన్నడు" అన్నాడు.

బస్సులో సగం దారి దాకా ఏడుస్తూనే ఉన్నాను. బావ కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చున్నాడు. చివరికి గొంతు సవరించుకుని, "ఇంకో మాటున్నది. ఈడనే చెప్తె మంచిది, ఆడికి పోయినంక నువ్వు లొల్లి చేస్తవ్. మన వాడల మగ్గాలు ఆగలే" అన్నాడు.

నా ఏడుపు అక్కడే నిలిచిపోయింది.

ఈ మాట ఎంత పెద్దదో నేతపని తెలియని వాళ్ళకు చెప్పాలి. మర్రిగూడ దగ్గరి మా ఊళ్ళో సాలెల వాడ ఒకటుంది. ఆ వాడలో ఎవరు పోయినా కులం కబురు తిప్పే మనిషి ఇంటింటికీ వెళ్ళి గడప మీద చేత్తో తట్టి చెబుతాడు. అంతే, మగ్గాలు ఆగిపోతాయి. పోగును అటూ ఇటూ లాగే నాడె ఎక్కడుంటే అక్కడే, సగం నేసిన బట్ట మీద వదిలేసి మనిషి మగ్గం గుంటలోంచి లేచి వస్తాడు. శవం వాడ దాటేదాకా మళ్ళీ మగ్గం ఆడదు. పాలు తాగే పసిబిడ్డ పోయినా ఆగుతాయి. జన్మంతా కొట్లాడుకున్న పాలివాడు పోయినా ఆగుతాయి. నేను పుట్టి బుద్ధెరిగిన తర్వాత, శవం వాడలో ఉండగా మగ్గాలు ఆగని చావు చూడలేదు.

మా చిన్నాయిన చావుకు ఆగలేదు.

ఈ పత్రిక చదివే మీలో నల్గొండ వైపు వాళ్ళు చాలామందే ఉంటారు. మీలో కొందరు ఆయన్ను చూసే ఉంటారు, పేరు తెలియకపోయినా. అంగడి మైదానంలో టూరింగు టాకీసు డేరా వేసినప్పుడు, ఇంగ్లీషు బొమ్మ ఆడినప్పుడు, తెర పక్కన స్టూలు మీద నిలబడి మీకు కథ చెప్పిన మనిషి ఆయనే. మీరు నవ్వింది ఆయన మాటకు. మీరు కళ్ళు తుడుచుకున్నది ఆయన మాటకు. అందుకే మీకు రాస్తున్నాను.

ఆయన చిన్నప్పుడే ఇల్లు వదిలి సికింద్రాబాదు పోయాడు. అక్కడ కంటోన్మెంటులో తెల్ల సిపాయిలు చూసే ఒక సినిమా హాల్లో గేటు దగ్గర పని దొరికింది. రోజూ తలుపు సందులోంచి బొమ్మలు చూసి చూసి ఇంగ్లీషు చెవిలో పడింది. పూర్తిగా పడలేదు, ఆ మాట ఆయనే ఒప్పుకునేవాడు. "ఇంగ్లీషు నాకు సగమే ఒస్తది బిడ్డా. తక్కిన సగం మొకాలల్ల ఉంటది. మొకం సదువుతె కథ దొరుకుతది" అనేవాడు. కొన్నేళ్ళకు నల్గొండ షావుకారొకాయన డేరా టాకీసు పెట్టి, ఇంగ్లీషు బొమ్మలు చవకగా దొరుకుతున్నాయని తెచ్చి, చెప్పేవాడు కావాలని వెతికితే మా చిన్నాయిన దొరికాడు.

ఆయన మెడ తిరగదు. మా ఊరి నీళ్ళ సంగతి మీకు తెలుసు. ఆ నీళ్ళు తాగి ఒకరికి కాళ్ళు వంకరపోతే, ఒకరికి నడుము వంగిపోతే, ఆయనకు మెడ కర్రలా బిగుసుకుపోయింది. పక్కకు చూడాలంటే మనిషంతా తిరగాలి. తెర వైపు ఒకసారి ఒళ్ళంతా తిప్పి చూసి, మళ్ళీ ఒళ్ళంతా జనం వైపు తిప్పి చెప్పేవాడు. పిల్లలం ఆ తిరగడాన్ని అనుకరించి నవ్వుకునేవాళ్ళం. చివరికి బొమ్మ ఆయనకు ఎంత కంఠతా వచ్చిందంటే, ఇక తెర వైపు తిరగడమే మానేశాడు. మా ముఖాల మీద పడే వెలుగును బట్టి తెర మీద ఏం జరుగుతోందో తెలిసిపోయేదట. "మీరే నాకు తెర" అనేవాడు.

ఆ డేరాలో పురాణం బొమ్మలూ ఆడేవి, కత్తియుద్ధాల బొమ్మలూ ఆడేవి. ఆయనకు ఇష్టమైనవి మాత్రం నీడల బొమ్మలు. ఆ పేరు ఆయన పెట్టుకున్నదే. తడిసిన వీధి, ఒక్క దీపం, మెట్ల మీద పొడుగ్గా పడే నీడ, టోపీ అంచు కింద సగమే కనపడే ముఖం, గదిలో గోడ మీద కిటికీ రేకుల చారలు. హత్య ఒకటి జరుగుతుంది. ఎవరు చేశారో తెలియదు. మంచివాడనుకున్నవాడు మంచివాడు కాదు, చెడ్డదనుకున్న ఆడమనిషి పూర్తిగా చెడ్డది కాదు. "పురాణం బొమ్మల చెడ్డోనికి ముందుగాలనే మీసం వెడతరు. మనకు పని తప్పిస్తరు. గీ బొమ్మల మనమే ఎతుక్కోవాలె" అని నాతో అన్నాడొకసారి.

ఆయన చెప్పే పద్ధతిలో ఇంగ్లీషు దేశం మాకు దగ్గరికి వచ్చేసేది. బొమ్మలో పెద్ద బంగళా ఆసామి దొర అయ్యేవాడు. పోలీసు అమీనుసాబు అయ్యేవాడు. ఒకసారి ఈ చెప్పడం మా ఊరి దొర ఉండే గడికి చేరి, అక్కడ పనిచేసే గుమాస్తా డేరాకు వచ్చి నిలదీశాడు.

"ఏమయ్యా, బొమ్మల దొర ఖూనీ చేయించిండని చెప్తున్నవట?"

"అవునయ్యా, చేయించిండు."

"ఏ దొర?"

"ఇంగ్లీషు దొరయ్యా. జర కూసోని సూడున్రి, మీకే తెలుస్తది మన దొర అసొంటోడు కాదని."

గుమాస్తా కూర్చుని చూశాడు. మర్నాడు ఇంట్లోవాళ్ళను తీసుకుని మళ్ళీ వచ్చాడు.

నేను బడికి పోయింది ఆయన వల్ల. మా ఇంట్లో నా ముందు ఒక్కరూ పలక పట్టలేదు. ఆడపిల్ల మగ్గానికి నూలు కండెలు చుట్టాలి, అంతే. చిన్నాయిన మా బాపు మగ్గం పక్కన కూర్చుని ఎన్నాళ్ళు పోరాడాడో. "బొమ్మ సురువుల పేర్లు పడ్తయన్నా. జనం నన్ను అడుగుతరు ఏం రాసున్నదని. నాకు తెల్వది. ఇంట్ల ఒక్కరికన్న తెల్వాలె గద" అనేవాడు. బాపు నవ్వి, "నీ బొమ్మ కోసం నా బిడ్డను బడికి పంపాల్నారా" అన్నాడు, పంపాడు. నల్గొండలో బంధువుల ఇంట్లో ఉండి చదువుకుంటూ, సెలవులకు వచ్చినప్పుడు తెర ముందు ఇసుకలో కూర్చుని, మొదట్లో పడే అక్షరాలను కూడబలుక్కుని గట్టిగా చదివేదాన్ని. ఒక్క పేరు కూడా సరిగ్గా పలికి ఉండను. ఆయన మాత్రం స్టూలు మీద నుంచి, "ఇన్నరా, మా పిల్ల సదివింది" అని డేరా మొత్తానికీ వినపడేట్టు చెప్పేవాడు.

ఆ బొమ్మల్లో ఒకదాని కథ మీకు చెప్పాలి. అది చెప్పకపోతే తర్వాత సంగతి అర్థం కాదు.

పట్నంలో కిరాయి గదిలో ఒక ఒంటరి మనిషి. కిందింటి ఆసామిని ఎవరో చంపుతారు. వాడి వదిన, మొగుడు పోయినామె, పట్టిస్తే పోలీసులు ఇంకొందరితో పాటు ఈ మనిషిని పట్టుకుపోతారు, మర్నాడు వీడొక్కణ్ణే వదిలేస్తారు. ఆ వదిలేయడమే వాడి ప్రాణం మీదికి వస్తుంది. అందరూ లోపలే ఉంటే వీడొక్కడే బయటికి ఎట్లా వచ్చాడు? ఎవరి పేర్లు చెప్పి వచ్చాడు? తోటి పనివాళ్ళు మాట్లాడరు. అన్నం పెట్టే పూటకూళ్ళామె పెట్టనంటుంది. వాన కురుస్తూ ఉంటుంది. వాడు వీధి వెంట నడుస్తూ ఉంటే ఒక్కొక్క తలుపూ మూసుకుంటుంది. చివరికి అసలు హంతకుడు దొరుకుతాడు. దొరికే వేళకు వీడు లేడు.

తలుపులు మూసుకునే ఆ చోట మా చిన్నాయిన ఒక్క మాట కూడా చెప్పేవాడు కాదు. డేరా అంతా నిశ్శబ్దమైపోయి మిషను తిరిగే చప్పుడే వినపడేది. ఎందుకు చెప్పవని అడిగితే, "తలుపు మూస్తుంటె నేను చెప్పాల్నా? మూసెటోనికి ఎరుకనే, బయట నిలవడ్డోనికి ఎరుకనే" అన్నాడు.

మా ఎదురింటి అత్త ఆ బొమ్మను వదలకుండా చూసేది. ఆ చోటు రాగానే కొంగు నోట్లో కుక్కుకునేది. మొదటిసారి చూసిన నాడైతే ఆగలేక లేచి నిలబడి తెరతోనే మాట్లాడింది: "మీ చేతులు ఇరగ, గా పిలగాన్ని ఒక్కరన్న నమ్మున్రి!" డేరాలో ఎవరూ నవ్వలేదు. ఆట అయ్యాక ఆడవాళ్ళందరూ చిన్నాయిన చుట్టూ చేరి, "ఆఖరుకు వాడు బతికిండని చెప్పరాదయ్యా, నీ సొమ్మేం పోతది?" అని బతిమాలారు. ఆయన ఒప్పుకోలేదు. "వదిన వరస నేను మారుస్త, ఊరి పేరు నేను మారుస్త. సచ్చినోన్ని బతికియ్య. గట్ల చెప్తె, బతికుండంగ నమ్మకున్న నడుస్తదని మీరు ఇంటికి పోతరు" అన్నాడు.

ఆ తర్వాత రజాకార్ల కాలం వచ్చింది, డేరా మూతపడింది. పోలీసు యాక్షన్ అయింది. రజాకార్లు పోయారని మేము ఊపిరి పీల్చుకునేలోపే మిలిటరీ వచ్చి గడిలో క్యాంపు పెట్టింది. కమ్యూనిస్టు దళాల వాళ్ళు గుట్టల్లో ఉన్నారు. వాళ్ళకు బువ్వ పెట్టినవాళ్ళ కోసం సోదాలు మొదలయ్యాయి. మా వాడలో బువ్వ పెట్టని ఇల్లు లేదు. ఇప్పుడు అందరూ ఎవరికి వారు తామే పెట్టామంటారు గాని, సద్ది మూటలన్నీ కూడేసి గుట్టకు మోసింది మాత్రం మా కులపెద్ద కొడుకు.

ఒకనాటి పొద్దున క్యాంపు వాళ్ళు దారుల మీద దొరికిన ప్రతి మగవాణ్ణీ పట్టుకున్నారు. కులపెద్ద కొడుకు దొరికాడు. డేరా సామాను సర్దడానికి మైదానానికి పోయిన మా చిన్నాయినా, మిషను నడిపే ఆపరేటర్ సాయిబూ దొరికారు. మర్నాడు సాయంత్రం మా చిన్నాయిన ఒక్కడే తిరిగివచ్చాడు. ఆపరేటరును రజాకారువంటూ జైలుకు పంపారు. కులపెద్ద కొడుకు తిరిగి రాలేదు. పారిపోతుంటే కాల్చామని చెప్పారు. శవాన్ని ఇవ్వలేదు.

చిన్నాయిన వాడలోకి వస్తున్నప్పుడు నేను మా అరుగు మీదే ఉన్నాను. సెలవులకు వచ్చి, దారులు మూసేయడం వల్ల ఊళ్ళోనే చిక్కుకుపోయాను. ఆయన మెల్లగా, నిటారుగా నడిచి వచ్చాడు. కులపెద్ద ఇంటి ముందు ఆడవాళ్ళు కూడి ఉన్నారు. ఆయన అటు చూడకుండా దాటి మా ఇంట్లోకి వచ్చాడు. వచ్చి గోడకు ఆనుకుని జారిపోయాడు. అంగీ విప్పితే వీపు మీద చర్మం లేదు. అవ్వ, మా అమ్మ, ఏడుస్తూ నూనె రాసింది.

"ఎట్లిడిసిన్రు నిన్ను?" అని బాపు అడిగాడు.

"ఊకెనే ఇడిసిన్రు."

అంతకు మించి ఒక్క మాట చెప్పలేదు. ఆ రాత్రికే వాడలో మాట పుట్టింది. ఇంతమందిని పట్టుకుపోతే వీడొక్కడే ఎట్లా వచ్చాడు? సద్ది మోసింది ఎవరో మిలిటరీకి ఎట్లా తెలిసింది? దానికి సాక్ష్యం కూడా దొరికింది వాళ్ళకు: "కులపెద్ద ఇంటి ముంగటికెంచి మొకం తిప్పుకోకుంట సక్కగ పోయిండు. కండ్ల చూడ మొకం లేకనే గద?"

మెడ తిరగదు. మెడ తిరగని సంగతి ఊరంతటికీ తెలుసు. పిల్లలం అనుకరించి ఆడుకున్న మెడ అది. అప్పుడు నాకు కలిగిన కోపం ఇన్నేళ్ళయినా ఇంకా అట్లాగే ఉంది. ఒక మనిషిని దోషిని చేయాలని మనసులో పడిపోతే అతని రోగం కూడా రుజువైపోతుంది!

తర్వాత, డేరా లేక మగ్గమెక్కుదామన్నా, ఆయనకు ఎవరూ నూలు ఇవ్వలేదు. పెళ్ళికి పిలవలేదు. పొయ్యిలోకి నిప్పు అడిగితే లేదన్నారు. మా బాపు ఎన్నోసార్లు అన్నాడు, "పెద్దమనుషుల ముందట కూసోని ఉన్నదున్నట్టు చెప్పురా" అని. ఆయన ఒకటే అనేవాడు: "బొమ్మల ముచ్చట చెప్పమను, తెల్లార్లు చెప్త. నా ముచ్చట నేను ఎట్ల చెప్పుకోవాలె? చెప్తె నమ్మెటోళ్ళయితె చెప్పకున్న నమ్ముతరు."

కొన్ని నెలలకు ఆపరేటర్ సాయిబు జైలు నుంచి విడుదలై నేరుగా మా ఊరికి వచ్చాడు. వాడలో జరుగుతున్నది విని తనే పెద్దమనుషులను కూడమన్నాడు. అందరి ముందూ చెప్పాడు. గడి లోపల తామిద్దరినీ ఒకే స్తంభానికి కట్టి కొట్టారు. పేర్లు చెప్పమన్నారు. చిన్నాయిన చెప్పలేదు. చివరికి అక్కడి ఆఫీసరు, నీ పని ఏమిటని అడిగి, బొమ్మలు చెబుతానంటే నవ్వి, అయితే ఒకటి చెప్పు అన్నాడు. తెర లేదు, మిషను లేదు. సున్నం కొట్టిన గోడ ముందు, నోట్లోంచి నెత్తురు కారుతుండగా, కిరాయి గది మనిషి కథ మొత్తం చెప్పాడు. తలుపుల దగ్గర ఎప్పటిలాగే ఆగిపోయాడు. ఆఫీసరు వీణ్ణి విప్పి పంపేయమన్నాడు.

"ఖుదా కసం, ఒక్క పేరు చెప్పలే. నేను పక్కనే ఉన్న" అన్నాడు సాయిబు.

ఒకాయన అడిగాడు, "నువ్వు రజాకారువని గద నిన్ను జైల్ల ఏసింది. నీ సాక్ష్యం ఎవలకు గావాలె?"

సాయిబు రజాకారు కాడు. రజాకార్లు డేరాకు నిప్పు పెట్టబోతే రీళ్ళ పెట్టెల మీద పడుకుని కాపాడిన మనిషి. ఆ సంగతి కూడా అక్కడున్న అందరికీ తెలుసు. నేను ఉండబట్టలేక లేచి, "ఆయన మెడ తిరగదని మీకెవరికీ తెలువదా?" అన్నాను.

"కూసో పిల్లా. సదువుకున్నవని సినిమా లెక్క మాట్లాడకు" అన్నారు.

మరుసటి ఏడు డేరా మళ్ళీ లేచింది. షావుకారు మా చిన్నాయిననే పిలిచాడు, ఆయన పోయి స్టూలు మీద నిలబడ్డాడు. వాడంతా టికెట్లు కొనుక్కుని వచ్చి ముందు కూర్చుంది. పొద్దున ఆయన ఎదురైతే పక్కకు తప్పుకునేవాళ్ళు, పొద్దుగూకాక ఆయన నోటి కోసం చెవులు అప్పగించేవాళ్ళు. చీకట్లో ఆయన గొంతు కావాలి, వెలుతురులో ఆయన మనిషి అక్కర్లేదు. నేను ఆయన మీద కూడా కోప్పడ్డాను, వీళ్ళకెందుకు చెబుతావని. "వీళ్ళకు గాకపోతె ఎవలకు చెప్పాలె బిడ్డా? నమ్మెటోళ్ళకు గీ బొమ్మ ఎందుకు?" అన్నాడు.

అదే కిరాయి గది మనిషి బొమ్మకు ఎదురింటి అత్త మళ్ళీ ఏడ్చింది. మర్నాడు బావి దగ్గర చిన్నాయిన వస్తే తన బిందె పక్కకు లాక్కుంది. నేను నీళ్ళు తోడడం ఆపి అడిగాను.

"అత్తా, నిన్న ఎవల కోసం ఏడ్చినవ్?"

"గా పిలగాని కోసం."

"మరి మా చిన్నాయిన?"

ఆమె చేదతాడు చుట్టుకుంటూ, "గది బొమ్మ పిల్లా. బొమ్మల మనకు సూపిస్తరు వాడు చెయ్యలేదని. ఈడ మాకెవలు సూపిచ్చిన్రు?" అంది.

ఆమె మాటకు జవాబు నాకు తర్వాత హైదరాబాదులో దొరికింది.

కాలేజీలో ఒక పెద్దమనిషి ఉపన్యాసానికి వచ్చాడు. ఈ చీకటి బొమ్మలు యుద్ధంలో చెడిపోయిన దేశాల రోగమనీ, వాటిల్లో వెలుగు లేదు, నీతి లేదనీ, ఆడదాన్ని మాయలాడిగా చూపిస్తారనీ, మన పిల్లలు చూడకూడదనీ చెప్పాడు. మా లెక్చరరమ్మ మాత్రం ఫ్రెంచివాళ్ళు వీటికి 'నల్ల సినిమా' అని పేరు పెట్టి గౌరవంగా రాస్తున్నారని తర్వాత మాకు చెప్పింది. నాకు ఆ పెద్దమనిషి మీద మంటగా ఉండింది. యుద్ధం వాళ్ళ దేశాల్లోనే జరిగిందా? పక్కింటివాడు ఎవరి మనిషో తెలియక గొంతు తగ్గించి మాట్లాడుకున్న ఊళ్ళు మనకు లేవా? చట్టం పేరుతో వచ్చినవాడే కొట్టిపోతే ఎవరితో చెప్పుకోవాలో తెలియని వాళ్ళం మనం కామా? ఇక ఆడదాని మాట. కిరాయి గది బొమ్మలో కథానాయకుణ్ణి పట్టించే వదినను చూసి మా అవ్వ అన్న మాట ఆ పెద్దమనిషి వినవలసింది: "మొగడు పోయినంక ఆ ఇంట్ల ఆమెకు ఎవలన్న ఇంత బువ్వ పెట్టిన్రా? పెట్టనోళ్ళు ఇప్పుడు తిట్టుడెందుకు?"

సికింద్రాబాదులో ఒక ఆదివారం అదే బొమ్మ ఆడితే పోయి చూశాను. మా చిన్నాయిన వదిన అని చెప్పిన ఆమె వదిన కాదు, ప్రియురాలు. వాడలోని ఆడవాళ్ళు ముందు కూర్చుంటారని మార్చాడు. హాల్లో ఒక్కదాన్నే నవ్వుకుంటూ ఏడ్చాను. అప్పుడే అత్తకు చెప్పవలసిన జవాబు కూడా తట్టింది. వాడు నిర్దోషి అని ఆ బొమ్మ ముందుగా చూపించదు. చివరిదాకా తెలియదు. అయినా అత్త మొదటిసారి చూసిన నాడే లేచి నిలబడి నమ్మమంది. చూపించకుండానే నమ్మింది. అంటే నమ్మడం ఆమెకు చేతనవును. ఈ నీడల బొమ్మలు ఇన్ని ఊళ్ళలో, ఇన్ని భాషల వాళ్ళను కూర్చోబెట్టి ఆడుతూనే ఉండడానికి కారణం అదేనని నాకు అనిపిస్తుంది. ఇప్పుడు బొంబాయి బొమ్మల్లో కూడా తడి వీధులూ మెట్ల మీద నీడలూ వచ్చాయి. మదరాసు వాళ్ళు కూడా దొంగ వచ్చే చోట కిటికీ చారలు పెడుతున్నారు. నీడలు తెచ్చుకోవడం తేలికే. మా చిన్నాయిన అనేవాడు, "ఎలుగు ఎక్కువైతె మొకం తెల్లగైపోతది, ఏం కానరాదు. జర నీడ వడ్తెనే మనిషి కానొస్తడు. గని సూసెటోడు ఆగి సూడాలె" అని. మా వాడ ఆగి చూడలేదు.

బస్సు దిగి నేను ఇంటికి చేరేసరికి చిన్నాయినను వాకిట్లో పడుకోబెట్టారు. వాడంతా మగ్గాల చప్పుడు. నేను ఇంట్లోకి పోకుండా నేరుగా కులపెద్ద ఇంటికి పోయాను. ఆయన మగ్గం గుంటలో కూర్చుని నేస్తున్నాడు. నన్ను చూసి కూడా ఆపలేదు.

"పెద్దయ్యా, మా చిన్నాయిన సచ్చిపోయిండు. మగ్గం ఆపు" అన్నాను.

"నా కొడుక్కు ఏ మగ్గమాగింది బిడ్డా?" అన్నాడు. గొంతులో కోపం లేదు. "పీనుగన్న ఇయ్యలే. ఏ గుట్ట కింద పెట్టిన్రో తెల్వది. మొగోళ్ళు బయటికొస్తె కాలుస్తమన్నరు. వాన్ని కాల్చిన దినం నేను ఈడనే కూసోని నేసిన. ఆపుతె ఏడుస్తున్ననని తెలుస్తదని, నేసుకుంటనే ఉన్న. ఇగ ఎవలికోసం ఆపాలె?"

నా కోపం అక్కడ నిలబడి ఎటు పోవాలో తెలియక కొట్టుకుంది. ఆయన కొడుకును చంపినవాళ్ళు క్యాంపు ఎత్తేసి ఎప్పుడో వెళ్ళిపోయారు. వాళ్ళను అడిగేవాడు లేడు. అడగడానికి దొరికింది మెడ తిరగని మనిషి ఒక్కడు. నేను ఆయన్ను ఓదార్చలేదు. క్షమించను కూడా లేదు. "మా చిన్నాయిన నీ కొడుకు పేరు చెప్పలేదు" అని మాత్రం అని వచ్చేశాను. వెనక నాడె పరుగు ఆగలేదు.

మా కులంలో పోయినవాళ్ళ మీద ప్రతి ఇంటి నుంచీ కొత్త బట్ట తెచ్చి కప్పుతారు. మా ఇంటి బట్ట ఒక్కటే ఉంది. ఆపరేటర్ సాయిబు డేరా పాత తెరను మడిచి చంకన పెట్టుకుని వచ్చాడు. అది మా బాపు మగ్గం మీద నేసి, మా అవ్వ కుట్టి కలిపిన తెరే. దాన్నే కప్పాం. పాడె ఒక పక్క బాపు, ఒక పక్క బావ, వెనక సాయిబు, డేరా మోకులు కట్టే మనిషి. రెండు వైపులా మగ్గాలు ఆడుతుండగా వాడ దాటించారు. నేను గడప మీద నిలబడి ప్రతి ఇంటినీ చూస్తూ ఉన్నాను.

తర్వాత నేను సెలవులకు వచ్చిన రోజుల్లో డేరా మళ్ళీ మైదానంలో లేచింది. సాయిబు పట్టుబట్టి కిరాయి గది మనిషి బొమ్మనే వేయించాడు. షావుకారు నన్ను అడిగాడు, "ఇంగ్లీషు సదివినవ్ గద బిడ్డా, నువ్వు చెప్తవా?" చెప్పనన్నాను. వాళ్ళకు అర్థం కాకూడదనే నా కోరిక. అర్థం కాక కూర్చుని, లేచిపోవాలి. అప్పటికి గాని ఏం పోయిందో తెలియదు.

తెర కొత్తది, మరీ తెల్లగా ఉంది. పక్కన స్టూలు ఖాళీగా ఉంది. బొమ్మ మొదలైంది. కొంచెం గుసగుసలు, దగ్గులు. అంతలో ఎదురింటి అత్త గొంతు వినపడింది: "పట్నంల కిరాయి అర్ర. అండ్ల ఒక్కడే ఉంటడు." వెనక నుంచి ఇంకొకరు, "కిందింట్ల దొర ఉంటడు" అన్నారు. ఇక మొత్తం డేరా చెప్పడం మొదలుపెట్టింది. ప్రతి మాటా ఆయనదే. ఆయన ఆగిన చోట ఆగుతున్నారు, ఆయన నవ్వించిన చోట నవ్వుతున్నారు. వదినను వదిన అనే అంటున్నారు. నేను పిడికిళ్ళు బిగించుకుని ఇసుకలో కూర్చున్నాను. ఇంత గుండెలో పెట్టుకున్నారు, పాడె పోతుంటే నాడె వదలలేకపోయారు.

తలుపుల చోటు వచ్చింది. అందరూ ఒక్కసారిగా ఆగిపోయారు. మిషను చప్పుడు ఒక్కటే మిగిలింది.

అప్పుడు వెనక గుడ్డ పక్కకు తొలగించుకుని ఎవరో లోపలికి వచ్చారు. కొడుకు పోయిన నాటి నుంచి డేరా గడప తొక్కని కులపెద్ద. చీకట్లో దారి తెలియక మనుషుల మధ్యగా నడిచి నడిచి, వెలుగుకు అడ్డంగా వచ్చి, తెర వైపు చూస్తూ నిలబడిపోయాడు. ఆయన నీడ కొత్త తెర నిండా పడింది. తెర మీద వాన కురుస్తూనే ఉంది. ఆ నీడకు ఇటూ అటూ తలుపులు ఒక్కొక్కటే మూసుకుంటున్నాయి. ఆయన తల అటూ ఇటూ తిప్పలేదు.

కూర్చోమని డేరాలో ఎవరూ అనలేదు.